యాస మనది, కథ యెవరిది?

నంద్యాలనుండి ఆళ్ళగడ్డకు పోవు రాజమార్గమున, నడుమ శిరివెళ్ళ యను గ్రామమున్నది. ఆ త్రోవను మేము బడిపనిమీదను, బంధువుల యిండ్ల శుభాశుభములకును ఎన్నిమాఱులు పోయితిమో లెక్కలేదు. ఆ యూరి పేరు వినినప్పుడెల్ల మాకొక నటుడు జ్ఞప్తికి వచ్చును. ఆయనను గూర్చి తరువాత చెప్పెదము. ఈ వ్యాసమునకు ప్రధానవిషయము మాత్రము మఱొక నటుడు. మానేటి తీరపు సిరిసిల్లవాడు. టెలివిజనులో నవ్వించి పేరుపొంది, పిమ్మట దర్శకుడై జనులచే కంటతడి పెట్టించినవాడు. ఈ యిరువురిని పోల్చి చూడవలెనను తలంపు మాకు కలిగించినది మా బడిలో జరిగిన యొక చిన్న సంగతి.

కొంతకాలము క్రిందట పాఠశాల వార్షికోత్సవమునకు బాలురచే ఒక నాటిక వేయింపదలచి, 'ఈ పర్యాయము పుస్తకభాష వలదు. మన సీమమాటలోనే ఆడుడు' అని చెప్పితిమి. ఆళ్ళగడ్డ పరిసరగ్రామమునుండి వచ్చు తొమ్మిదవ తరగతి బాలుడొకడు మఱునాడే సిద్ధమై వచ్చెను. తెల్లని చొక్కా, తెల్లని పంచె, బొగ్గుతో దిద్దిన మీసము, అట్టతో చేసిన వేటకొడవలి. వచ్చుటతోడనే తొడచఱచి, కన్నులెఱ్ఱజేసి, ఎదుట లేని శత్రువును వంశముతో గూడ నఱకెదనని గర్జించెను. తరగతి యంతయు చప్పట్లతో మ్రోగెను. బాలునికి ప్రతిభ లేదనలేము. కంఠము గంభీరము, ఉచ్చారణ స్వచ్ఛము. మేము మెచ్చుకొని, 'నాయనా, ఇప్పుడు మీ యవ్వ నీతో మాట్లాడునట్లు నాలుగు మాటలాడుము' అంటిమి. వాడు తెల్లబోయి, 'అవ్వ మాట్లాడేది నాటకమెట్లయితాది సార్?' అని యడిగెను.

ఆ ప్రశ్నకు మేమప్పుడు సరియైన సమాధానము చెప్పలేకపోతిమి. తన తల్లినోట ఉగ్గుపాలతో నేర్చిన భాష కేవలము బెదిరించుటకు మాత్రమే పనికివచ్చునని పదునాలుగేండ్ల బాలుడు నమ్మియున్నాడు. ఇట్టి నమ్మకమును వానికి మేము నేర్పలేదు. వాని తల్లిదండ్రులు నేర్పలేదు. ప్రతిదినము సాయంకాలము ఇంటి నడిమింట వెలుగు టెలివిజను నేర్పినది. అందువలన నీ విషయము సినిమా ప్రియులకు మాత్రమే సంబంధించినదని త్రోసివేయక, గృహస్థులును గృహిణులును కొంచెము సావధానముగా విచారింపవలెనని కోరుచున్నాము.

వేణు యెల్దండి సిరిసిల్ల ప్రాంతీయుడు. సిరిసిల్ల మగ్గముల పట్టణము. 2004లో తేజ దర్శకత్వమున వచ్చిన 'జై' చిత్రముతో ఈయన తెఱకెక్కెను. 2007లో వచ్చిన 'మున్నా' చిత్రమున టిల్లు అను చిన్న పాత్రను ధరింపగా, ఆ పాత్ర పేరే యాయనకు ఇంటిపేరువలె స్థిరపడి, చిరకాలము జనులు 'టిల్లు వేణు' అనియే పిలిచిరి. నటునికి పాత్ర పేరు అంటుకొనుట ఒక విధముగా గౌరవమే. మఱొక విధముగా బంధనము. ఈయనకు దొరకిన వేషములన్నియు కథానాయకుని ప్రక్కన నిలువబడి ఒక మాటయాడి తప్పుకొనునట్టివి. 2013లో ఈటీవీయందు 'జబర్దస్త్' అను హాస్యకార్యక్రమము ఆరంభమైనప్పుడు ఈయన అందొక జట్టునకు నాయకుడయ్యెను. ఆంధ్రదేశమందును తెలంగాణమందును ఈయనను ఇంటింట తెలిసినవానిగా చేసినది ఆ కార్యక్రమమే.

ఆ హాస్యమును గూర్చి మా యభిప్రాయమును దాచము. మగవారు ఆడువేషము వేసి స్త్రీల నడకను వెక్కిరించుట, భార్యను అత్తను గేలిచేయుట, నల్లనివానిని లావైనవానిని చూచి నవ్వుట, ఇట్టివి ఆ కార్యక్రమమున విరివిగా నుండెడివి. పిల్లలతో గూడి కూర్చుండి చూచుటకు మేమనేక పర్యాయములు సంకోచించితిమి. కాని న్యాయము చెప్పవలసినచో, ఆ వేదిక యొక పాఠశాల కూడ. కొలది నిమిషముల వ్యవధిలో ఒక స్థితిని కల్పించి, నలుగురైదుగురు పాత్రలను నిలిపి, వారి సంబంధములను ఒక్కొక్క మాటతో తెలిపి, ముగింపునకు తేవలెను. జట్టునాయకుడు తన వేషమును మాత్రమే చూచుకొనిన చాలదు. ఎవరు ఎచ్చట నిలువవలెను, ఎవరి మాట తరువాత ఎవరి మౌనము రావలెను అని యోచింపవలెను. దర్శకత్వమునకు ఇది యక్షరాభ్యాసము. దూరదేశములలోను ఇట్టి యుదాహరణములున్నవి. లండను హాస్యశాలలలో పెరిగిన చార్లీ చాప్లిన్ 1921లో 'ది కిడ్' అను చిత్రమున నవ్వునకు కన్నీటికిని వియ్యమందించెను. జపానున టెలివిజను హాస్యముతో ప్రసిద్ధుడైన తకెషి కితానో 1989లో దర్శకుడై, 1997లో వెనిస్ చిత్రోత్సవమున స్వర్ణసింహమును గెలిచెను. నవ్వించువాడు మనుష్యులను మిక్కిలి దగ్గఱగా చూచును. చూచినదంతయు నవ్వుగా మార్చి అమ్ముకొనక, కొంత దాచుకొనగలిగెనేని, ఆ దాచుకొనినది యొకనాడు కథయగును.

వేణు దాచుకొనినది 2023 మార్చి 3వ తేదీన 'బలగము' పేరిట వెలువడెను. రచన దర్శకత్వములు రెండును ఆయనవే. కథ మిక్కిలి చిన్నది. కొమురయ్య యను వృద్ధుడు పల్లెలో కనబడినవారినెల్ల పలుకరించుచు తిరుగువాడు. మనుమడు సాయిలు వ్యాపారములలో చెడి అప్పులపాలై, పెండ్లిలో వచ్చు కట్నముతో వానిని తీర్చ నెంచియుండును. నిశ్చితార్థము దగ్గఱపడిన సమయమున తాత కన్నుమూయును. చావునకు బంధువులు వచ్చెదరు. ఇరువదేండ్ల క్రిందట విందులో ఒక నల్లిబొక్క విషయమై బావమఱదులకు వచ్చిన మాటపట్టింపుచే కూతురు లక్ష్మి పుట్టినింటి గడప త్రొక్కక యుండినది, ఆమెయు వచ్చును. పిట్టకు పెట్టిన ముద్దను కాకి ముట్టదు. ముసలివాని కోరిక యేదో తీరలేదని యూరు అనును. ఆ కోరిక యేమి యని వెదకుటలో కుటుంబముయొక్క గాయములన్నియు ఒక్కొక్కటిగా బయటపడును. తుదకు బుడిగజంగాల కొమురమ్మ, మొగిలయ్య దంపతులు చనిపోయినవాని గుణములను పాడి చెప్పగా, బిగుసుకొనియున్న హృదయములు కరగును. కథ యింతియే.

ఇందు హంతకుడు లేడు. ప్రతినాయకుడని చెప్పదగినవాడు లేడు. మాంసపు ముక్క నెపముగా చెడిన బంధుత్వమే యిందలి సంగ్రామము. ఆ యల్పకారణమును చూచి మొదట నవ్వుదుము. ఇరువదేండ్లు ఒక ఆడుబిడ్డ తండ్రిని చూడక గడపెనని తెలిసినపుడు ఆ నవ్వు గొంతులో నిలిచిపోవును. హాస్యనటుడుగా గడించిన విద్య యిచ్చట సార్థకమైనది. నవ్వునుండి దుఃఖమునకు పోవు సన్నని కాలిబాట ఆయనకు బాగుగ తెలియును.

మఱియు ఈ చిత్రమున నందఱును తెలంగాణపు మాట మాటలాడుదురు. మంచివాడును, చెడ్డవాడును, ప్రేమించునదియు, ఏడ్చునదియు, పంచాయతి పెద్దయు ఆ భాషనే పలుకుదురు. ఇది చిన్న విషయమని తోచవచ్చును. కాని పూర్వచిత్రములను జ్ఞప్తికి తెచ్చుకొనుడు. నాయకుడు నాగరికభాష మాటలాడును. తెలంగాణపు మాట సేవకునికో, రౌడీకో, నవ్వించు వానికో కేటాయింపబడును. 2017లో శేఖర్ కమ్ముల తీసిన 'ఫిదా' చిత్రమున కథానాయిక ఆ యాసతోనే ఆత్మాభిమానముతో మాటలాడి ఆ కట్టును కొంత సడలించినది. 'బలగము'లో ఆ కట్టు తెగిపోయినది. భాష యొక్కరి వేషము కాక అందఱి ఊపిరి యైనది. గురజాడ అప్పారావుగారి 'కన్యాశుల్కము' 1892లో ఆడబడి 1897లో అచ్చైనప్పుడు విజయనగరపు వాడుకమాటకు గలిగిన గౌరవము ఇట్టిదే. అందు లుబ్ధావధానులును ఆ భాషయే పలుకును, మధురవాణియు ఆ భాషయే పలుకును. గనుక భాష నీచమని యెవ్వరును చెప్పజాలరు.

ఈ చిత్రమును తెలంగాణపు పల్లెలలో జనులు ఊరుమ్మడిగా తెఱకట్టి చూచిరి. చూచిన పిమ్మట చిరకాలముగా మాటలులేని అన్నదమ్ములు కలిసికొనిరని పత్రికలు వ్రాసినవి. 2023 సంవత్సరపు చిత్రములకు 2025లో ప్రకటించిన జాతీయపురస్కారములలో, ఇందలి పాటకు గాను కాసర్ల శ్యామ్‌గారికి ఉత్తమ గేయరచయిత గౌరవము లభించెను.

ఇంత మెచ్చుకొనిన మేము దోషములను చెప్పకుండుట విమర్శధర్మము కాదు. మొదటిది, కాకి. చనిపోయినవాని యాత్మ కాకిరూపమున వచ్చి ముద్దను ముట్టుననియు, ముట్టకున్న నరిష్టమనియు జనులు నమ్ముదురు. సంస్కారపక్షమువారు ఈ చిత్రము మూఢవిశ్వాసమును పోషించుచున్నదని యాక్షేపింపవచ్చును. ఆక్షేపణలో కొంత నిజమున్నది. తుదియందు కాకి వచ్చి ముద్దను ముట్టుటచే నమ్మకము గెలిచినట్లే కనబడును. అయినను, కథను నడపునది కాకి కాదు, కలహము. కాకి కొఱకు కలిసినవారు కాకిని మఱచి ఒకరినొకరు చూచుకొందురు. ఆచారమును ప్రశ్నింపకున్నను, ఆచారముకంటె అనురాగము ముఖ్యమని కథ చెప్పుచున్నది. ఇది మాకు పూర్ణతృప్తి నియ్యదు. కాని త్రోసివేయదగినదియు కాదు.

రెండవ దోషము దీనికంటె పెద్దది. అప్పు తీర్చుకొనుటకు కట్నము పుచ్చుకొన దలచిన యువకుని ఆ తలంపును చిత్రము నవ్వులాటగా తీసికొని విడిచిపెట్టినది. సాయిలు తాతవిషయమున పశ్చాత్తాపపడును గాని, కన్యను డబ్బుగా లెక్కించిన తన బుద్ధిని గూర్చి పశ్చాత్తాపపడిన జాడ లేదు. పుట్టినింటికి రాలేక ఇరువదేండ్లు కుమిలిన లక్ష్మికి తన మాటగా చెప్పుకొనుటకు ఇంకను కొంత చోటు ఉండవలసినది. మగవారి మాటపట్టింపునకు ఆడువారు చెల్లించిన మూల్యమే యీ కథ యని చూచువారికి తోచును. తీసినవారికి అంత స్పష్టముగా తోచినట్లు లేదు. ఇంటి కథను చెప్పబూనినవాడు ఇల్లాలివైపునుండియు చూడవలెను.

ఇక శిరివెళ్ళకు వత్తము.

జయప్రకాశ్ రెడ్డిగారు 1946లో ఆ గ్రామమున జన్మించిరి. తండ్రి పోలీసుశాఖలో నుద్యోగి. గుంటూరులో గణితోపాధ్యాయులుగా పనిచేయుచు నాటకములాడిరి. వృత్తిచే మావారగుటచే ఆయనయందు మాకొక ప్రత్యేకాభిమానము కలదు. 1988లో 'బ్రహ్మపుత్రుడు' చిత్రముతో తెఱకు వచ్చి, కొన్ని చిత్రముల పిమ్మట తగిన యాదరువు దొరకక మరల బడిపంతులయిరి. 1997లో జయంత్ దర్శకత్వమున వచ్చిన 'ప్రేమించుకుందాం రా' చిత్రమున వీరభద్రయ్య యను కర్నూలు ముఠానాయకుని వేషము ఆయన యదృష్టమును మార్చెను. తరువాత 'సమరసింహా రెడ్డి' 1999లోను, 'నరసింహనాయుడు' 2001లోను వచ్చినవి. ముఠాకక్షల చిత్రములు వరుసగా బయలుదేఱినవి. ఆయన 2020 సెప్టెంబరు 8వ తేదీన గుంటూరులో మరణించిరి.

ఆయన కంఠమున మన యాస పలికినప్పుడు మాకు కలిగిన యానందమును మఱువలేము. అంతకుముందు తెఱపై మన సీమవారమని చెప్పి మాటలాడినవారు ఎచ్చటి భాషయో పలికెడివారు. ఈయన నోట 'యాడికి' 'ఎట్ల' 'సూడు' అను మాటలు మన రచ్చబండనుండి లేచి వచ్చినట్లుండెడివి. దీర్ఘము తీయవలసినచోట దీర్ఘము, విఱువవలసినచోట విఱుపు. వాచికాభినయమున ఆయనకు సాటివారు అరుదు. అయితే ఆ భాషచే ఏమి పలికించిరి? కూతురిని ప్రేమించిన పట్టణపు యువకుడు నాగరికభాషలో ప్రేమనుగూర్చి మాటలాడును. మన భాష మాటలాడువాడు కత్తిదూయును. ఒక్క చిత్రమున నిట్లుండిన దోషము లేదు. ఇరువది చిత్రములలో నిట్లే యుండిన, చూచువానికి మన భాషయే కత్తియని తోచును. తరువాత 2005లో వచ్చిన 'ఎవడి గోల వాడిది', 2008లో వచ్చిన 'రెడీ' వంటి చిత్రములలో ఆ భీకరమూర్తియే నవ్వులాటకు పాత్రమయ్యెను. ఆయన హాస్యమును చక్కగా పోషించిరి. కాని మన భాషకు భయము పిదప దొరకిన రెండవ పదవి పరిహాసమయ్యెను. నడుమ నున్న జీవితమంతయు, అనగా ప్రేమ, వార్ధక్యము, కఱవు, ఓర్పు, అవ్వ చెప్పు కథ, ఇవి యేవియు నా భాషకు దక్కలేదు.

ఇందు ఆయన తప్పు లేదు. ఆళ్ళగడ్డ వీధులలో శిల్పులు రాతిని చెక్కుచుండగా చదువరులు చూచియుందురు. రాయి యెంత మంచిదైనను, అది దేవతయగునా, ద్వారపాలకుడగునా యని నిర్ణయించునది ఉలిపట్టిన చేయి. చలనచిత్రమున నటుడు రాయి, దర్శకుడు శిల్పి. జయప్రకాశ్ రెడ్డిగారు మేలైన రాయి. ఆ రాతినుండి మఱిమఱి ద్వారపాలకునే చెక్కిరి. తమ యిష్టప్రకారము నడచుకొను చోటు దొరకినపుడు ఆయన యేమి చేసిరో చూడుడు. పూసలగారు వ్రాసిన 'అలెగ్జాండర్' అను నాటకమును తీసికొని, గంటన్నరకు పైగా ఒక్క పాత్రతో, తామొక్కరే రంగస్థలమును నింపి యాడిరి. ఆ రంగమున నఱకుటకు ఎదిరిలేడు. చప్పట్లకు తొడచఱచుట లేదు. కేవలము ఒక మనుష్యుడు, అతని మాట. సినిమాలో ధనమును కీర్తియు గడించిన పిమ్మటను ఆయన నాటకరంగమునకు మరల మరల వచ్చుట ఊరకయా? తెఱమీద దొరకని సంపూర్ణమనుష్యుని ఆయన రంగస్థలమున వెదకుకొనిరని మా యూహ.

భరతముని రసములను గూర్చి చెప్పుచు, రౌద్రమునుండి కరుణము పుట్టునని యొక సూత్రమును నిర్దేశించెను. ఇది గొప్ప యనుభవసత్యము. కోపము ఫలించినచోట శవముండును, శవమున్నచోట ఏడ్చువారుందురు. రౌద్రమును చూపినవాడు దాని ఫలమైన కరుణమును చూపకున్న, సగము సత్యమును దాచినవాడగును. షేక్స్పియరు 'మాక్బెత్' నాటకమున హంతకుని ప్రతాపమును మాత్రమే వర్ణింపలేదు. మాక్డఫ్ భార్యయు, ఆమె చిన్న కుమారుడును అమాయకముగ మాటలాడుకొనుచుండగా హంతకులు వచ్చి ఆ కుమారుని చంపుటను రంగముపై చూపెను. ఆ దృశ్యమును చూచినవాడు హంతకుని కొఱకు చప్పట్లు కొట్టలేడు. మన ముఠాచిత్రములలో కార్లు గాలిలోనికి లేచును, కొడవళ్ళు మెఱయును, పదులకొలది మనుష్యులు కూలుదురు. కూలినవారి భార్య లెవరు? పిల్లలే బడిలో చదువుచున్నారు? అడుగువారు లేరు. మా వృత్తిలో అట్టి బాలురను చూచినవారము. హాజరుపట్టికలో తండ్రిపేరు చదువునపుడు తలవంచుకొను బాలుని చూచినవానికి ఆ తెఱమీది చప్పట్లు చెవులకు ముండ్లవలె నుండును. రౌద్రమునుండి కరుణమునకు పోవలసిన కథను వీరు రౌద్రమునుండి హాస్యమునకు మరలించిరి. ఇది రసభంగము మాత్రమే కాదు, ధర్మభంగము.

'సీమలో కక్షలు లేవా? ఉన్నదానినే చూపిరి గదా' యని కొందఱనవచ్చును. ఉండినవి, చాల యిండ్లు పాడైనవి, దాచవలసిన పనిలేదు. కాని యున్నది అదియొక్కటియేనా? మా నంద్యాల జిల్లాలోని ఉయ్యాలవాడనే తీసికొందము. ఆ పేరుతో ముడివడిన నరసింహారెడ్డి ఆంగ్లేయుల నెదిరించి, 1847లో కోయిలకుంట్లలో ఉరితీయబడెను. ఆ యూరివాడే బుడ్డా వెంగళరెడ్డి. 1866 నాటి కఱవులో తన గాదెలు విప్పి, వచ్చినవారి కెల్ల అంబలి పోయించి ప్రాణములు నిలిపినవాడు. కత్తిపట్టిన రెడ్డికి 2019లో 'సైరా' యను మహాచిత్రము లభించినది, సంతోషమే. గంజిపోసిన రెడ్డికి అట్టి భాగ్యము కలుగలేదు. ఆకలిగొన్న వేలమంది యెదుట తన గాదె అడుగు కనబడుచుండగా ఆ గృహస్థు ఏమి యాలోచించెనో, ఇంటి యాడువారు పొయ్యిదగ్గఱ నెంత శ్రమించిరో, అందు నాటకమునకు కావలసిన సంఘర్షణ లేదా?

వంటకు సరకులున్నవి, వండువాడు కావలెను. వేణుగారి చరిత్రము మనకు నేర్పునది యిదియే. ఆయనయు పరుల కథలలో చిన్న వేషములు వేసినవాడే. 'టిల్లు' అను పేరుతో జీవితమంతయు గడపియుండవచ్చును. నటుడుగా నున్నంతకాలము ఆయన యాస పరుల వినోదము కొఱకు పనిచేసినది. దర్శకుడైన దినమున ఆ యాస తన యింటి కథను తాను చెప్పుకొనినది. కాబట్టి నటుడు దర్శకుడగుట పదోన్నతి మాత్రమే యని యెంచరాదు. అది మాటలాడువాడు తన మాటకు యజమాని యగుట. జయప్రకాశ్ రెడ్డిగారివంటి కంఠము మనకు లభించినది. ఆ కంఠమునకు తగిన కథను వ్రాసి నడపు సీమవాడు ఆయన కాలమున ముందునకు రాలేదు. నష్టము ఆయనకంటె మనకే యెక్కువ.

ఇట్టివారు మన గడ్డపై పుట్టరను నిరాశకు కారణము లేదు. బళ్ళారి రాఘవ తాడిపత్రిలో 1880లో జన్మించినవాడు. వకీలుగా నుండి, పద్యములను రాగములతో సాగదీయు నటన కాలమున, మనుష్యుడు మనుష్యునివలె మాటలాడవలెనని రంగస్థలమున చూపినవాడు. స్త్రీపాత్రలను స్త్రీలే ధరింపవలెనని పట్టుపట్టి, నిందలకు వెఱవక కులస్త్రీలను రంగమునకు తెచ్చినవాడు. పి. వి. రాజమన్నారుగారి 'తప్పెవరిది' వంటి సాంఘికనాటకములను ఆడి, గృహములలోని యన్యాయమును గృహస్థుల యెదుటనే నిలిపినవాడు. ఆయన 1946లో కన్నుమూసెను. ఆ సంవత్సరముననే శిరివెళ్ళలో జయప్రకాశ్ రెడ్డిగారు జన్మించిరి. వారసత్వము తెగలేదు; త్రోవ తప్పినది.

దానిని మరల త్రోవకు తెచ్చుట పెట్టుబడిదారుల వలన మాత్రమే కాదు. 'బలగము'నకు ముందు సిరిసిల్ల పల్లెలలో చావుపాటలు పాడువారుండిరి. వానిని విన్న పిల్లవాడొకడుండెను. మన యిండ్లలో వినదగినది పలుకువారు లేరా? పిల్లలు మన మాట మాటలాడినచో 'మొఱటుగా నున్నది, మంచిభాష మాట్లాడు' అని గద్దించు తల్లిదండ్రులే, రాత్రివేళ అదే మాటతో తెఱమీద తలలు నఱకుచుండగా కన్నార్పక చూచుచున్నారు. ఈ విపరీతమును ముందు మానవలెను. ఉపాధ్యాయులమైన మేమును దోషులమే. బడినాటకమనగా రాయబారమో, పట్టణపు ప్రహసనమో తప్ప, ఊరి కథను పిల్లలచే వ్రాయింపవలెనని మాకు చిరకాలము తోచలేదు.

ఆ బాలునితో మేము మరునాడిట్లంటిమి: 'నాటకమెట్లయితాది యని నన్నడిగితివి. నాకును తెలియదు. ఇంటికి పోయి మీ యవ్వను కఱవునాటి సంగతి యొకటి అడిగి, ఆమె చెప్పినట్లే, ఒక్క మాటయు దిద్దక వ్రాసికొని రమ్ము.' వారము దినములు వాడు రాలేదు. తరువాత నాలుగు పుటలు తెచ్చెను. ఆమె చిన్నతనమున వానలు లేక ఇంటివారు పనులకై వలసపోయిరట. పోవునపుడు పాడియావును అమ్మలేక, బంధువుల యింట విడిచిపోయిరట. మూడు నెలలకు తిరిగివచ్చునప్పటికి అది యీమెను గుర్తుపట్టి త్రాడు త్రెంచుకొని వచ్చెనట. అంతియే. వాడు చదువుచుండగా తరగతిలో చప్పట్లు లేవు. ఒక మూలనుండి ముక్కుచీదిన చప్పుడు మాత్రము వినబడినది.

ఆ పుటలను వార్షికోత్సవమున నాటికగా ఆడించితిమి. అవ్వవేషమును పదవ తరగతి బాలిక ధరించినది. మీసము, కొడవలి లేకుండ సీమభాష వేదికపై పది నిమిషములు నిలిచినది. చూడవచ్చిన తల్లులలో కొందఱు తరువాత వచ్చి, తమ యిండ్లలోను ఇట్టి కథలున్నవని చెప్పిరి. ఉన్నవని మాకు తెలియును. వానిని వ్రాసియుంచుడని, పిల్లలచే పలికింపుడని వారిని కోరితిమి. చదువరులను గూడ ఆ మాటయే కోరుచున్నాము. ఏ పిల్లవాడు రేపు దర్శకుడగునో యెవరెఱుగుదురు? వానికి ఆనాడు చెప్పుటకు కథ యుండవలెను. ఆ కథ నేడు మన నడిమింట వినబడవలెను.